ఇనుమును లాగని అయస్కాంతం

వనపర్తి ప్రభుత్వ జూనియర్ కాలేజీలో నేను ఫిజిక్స్ చెబుతాను. ఇరవై ఏళ్లు దాటింది. విద్యుదయస్కాంత ప్రేరణ పాఠం ప్రతి ఏడూ వస్తుంది. తీగచుట్టలోకి అయస్కాంతాన్ని తోస్తే కరెంటు పుడుతుందని కనిపెట్టింది ఒక కమ్మరి కొడుకు. ఆయన గురించి రెండు మాటలు చెప్పబోతే ముందు బెంచీలోంచి ఒక చెయ్యి లేస్తుంది.

"మేడం, ఇది పరీక్షల వస్తదా?"

రాదంటాను. పెన్నులు కింద పెడతారు. కొందరు తలలు కూడా బెంచీ మీద పెడతారు. పిల్లలను నేనేమీ అనను. మార్కు రానిది వినకూడదని వాళ్లకు నేర్పినవాళ్లు వేరే ఉన్నారు, ఆ పెద్దమనుషులను చూస్తే మాత్రం ఒళ్లు మండుతుంది.

పోయిన ఏడు చలి తగ్గుతున్న రోజుల్లో గద్వాల నుంచి పెద్దమ్మ ఫోన్ చేసింది. మా అమ్మకు అక్క. పెళ్లయిన నాటి నుంచి మగ్గం గుంతలో కాళ్లు పెట్టుకుని చీరలు నేసింది. ఇప్పుడు మోకాళ్లు పోయాయి, షుగరు వచ్చింది. అయినా కొడుకు బయటికి పోయినప్పుడు గుంతలోకి దిగకుండా ఉండలేదు.

"ఐతారం ఇటు వస్తవా బిడ్డా? ఫంక్షన్ హాలుల మీటింగ్ ఉన్నదంట, మోకాళ్ల నొప్పులకు. మీ సైన్సోళ్లదే. కాయితం మీద సైంటిస్టు ఫోటో గూడ ఏసిన్రు."

"ఏ సైంటిస్టు?"

"నాకేమెరుక. తెల్ల జుట్టు, నడిమిట్ల పాపిట. ముసలోడు మంచిగనే ఉన్నడు."

ఆదివారం వెళ్లాను. హాలు నిండా ముసలివాళ్లు, నొప్పులవాళ్లు. అయిజ, గట్టు లాంటి ఊళ్ల నుంచి ఆటోలు కట్టుకుని వచ్చారు. స్టేజీ వెనక పెద్ద బ్యానర్. దాని మీద నిజంగానే ఆయన ఫోటో. మా ల్యాబ్ గోడ మీద బూజు పట్టి వేలాడుతున్న ఫోటో అదే. ఇక్కడ మాత్రం తల వెనక పసుపుపచ్చ వెలుగు చక్రం కూడా గీశారు. బతికుండగా ప్రభుత్వం ఇస్తానన్న బిరుదునే వద్దన్న మనిషిని గద్వాలలో దేవుణ్ని చేసి కూర్చోబెట్టారు.

కోటు వేసుకుని ఒకాయన మైకు పట్టుకున్నాడు. కోటు జేబు మీద 'డాక్టర్' అని కుట్టి ఉంది. గొంతు వినగానే పోల్చుకున్నాను. డిగ్రీలో నా క్లాస్‌మేట్. నా ప్రాక్టికల్ రికార్డు తీసుకుని చూసి రాసి, తొందరలో నా హాల్‌టికెట్ నంబరు కూడా ఎక్కించుకున్న ఘనుడు. ఫిజిక్స్ పేపరు ఎన్నిసార్లకు గట్టెక్కాడో నాకు తెలియదు. ఎక్కడ డాక్టరయ్యాడో దేవుడికి కూడా తెలిసి ఉండదు.

లేచి వచ్చేద్దామనుకున్నాను. కానీ వాడు ఫోటో వైపు చెయ్యి చూపించి, ఆ శాస్త్రవేత్త బతుకు చెప్పడం మొదలుపెట్టాడు. నేను లేవలేకపోయాను.

బాగా చెప్పాడు. ఈ ముక్క రాయడానికి నాకు ఎంత కష్టంగా ఉందో మీకు తెలియదు.

"కమ్మరోళ్ల ఇల్లు. తండ్రికి పానం బాగుండది. కరువొచ్చింది. తల్లి ఒక్క రొట్టె చేతిల పెట్టి, బిడ్డా, ఇది వారమంత తినాలె అన్నది. మీరు చెప్పున్రి అమ్మా, వారమంత ఒక్క రొట్టెతోని ఎట్లుంటడు పోరడు?" హాల్లో ముసలమ్మలు అయ్యయ్యో అన్నారు. "బైండింగ్ దుకాణంల పనికి పెట్టిన్రు. పుస్తకాలు కుట్టుడు పని. కుట్టినోడు కుట్టి పక్కకు పెట్టాలె. ఈయన కుట్టుకుంట కుట్టుకుంట చదివిండు. పెద్ద సైంటిస్టు దగ్గర చేతికింద మనిషిగ కుదిరిండు. ఆయన పెండ్లాం ఈయనను నౌకరోళ్ల పంక్తిల కూసోబెట్టి అన్నం పెట్టింది. కండ్లనీళ్లు మింగిండు, తిన్నడు."

తర్వాత ఇనుప ఉంగరం సంగతికి వచ్చాడు. ఉంగరానికి అటొక తీగ, ఇటొక తీగ చుట్టడం, అటువైపు కరెంటు పెడితే ఇటువైపు దిక్సూచి ముల్లు కదులుతుందేమోనని ఆశగా చూడడం. "ఏండ్లకేండ్లు చూసిండమ్మా. ముల్లు కదలలే. జనం నవ్విన్రు. ఒకనాడు తీగ తగిలించంగనె ముల్లు చటుక్కున ఎగిరింది. మల్ల ఆగింది. తీగ తీసిండు, మల్ల ఎగిరింది! ఆయనకప్పుడు సమజైంది. ఉన్న కరెంటుతోని ఏం కాదు. మారుతున్నప్పుడే పని అయితది!"

నా క్లాసులో ఇరవై ఏళ్లుగా ఒక్క తల లేవని చోటు అది. ఇక్కడ గద్వాల ఫంక్షన్ హాల్లో, సగం చెవుడున్న ముసలివాళ్లు ముందుకు వంగి విన్నారు. పెద్దమ్మ కొంగుతో కళ్లు తుడుచుకుంది.

జనం నవ్వారన్నది అబద్ధం, అదొక్కటే కల్పన. మిగతాదంతా ఉన్నదే. ఆ తర్వాత వాడు ఊపిరి కూడా తిప్పుకోకుండా, "గా మహానుభావుడు కనిపెట్టిన అయస్కాంత శక్తి ఇయ్యాల మీ మోకాళ్ల కాడికి వచ్చింది" అని ఒక చాప పైకెత్తాడు. చాపకు చెంచాలు, పళ్లెం అంటుకుని వేలాడాయి. చప్పట్లు. రక్తంలో ఇనుము ఉంటుంది కదా, చాప మీద పడుకుంటే ఆ ఇనుమును అయస్కాంతం లాగుతుంది, రక్తం పరుగెడుతుంది, నొప్పి పోతుంది. అదీ వాడి సైన్సు. దీనికి ఆ కమ్మరి కొడుకు సాక్షి.

మీటింగ్ అయ్యాక స్టేజీ వెనక్కి పోయాను. నన్ను చూసి వాడు కొంచెం కూడా తడబడలేదు. తడబడడానికి సిగ్గుండాలి కదా.

"అరే, నువ్వా! వనపర్తిల ఉన్నవంట గదా. ఎట్ల చెప్పిన? మంచిగ చెప్పిన్నా?"

"ఎక్కడ సదివినవ్ ఇదంత?" అని అడిగాను.

"సదువుడేంది? నువ్వు చెప్పిందే గదా. సెకండియర్ల సెమినార్ ఇచ్చినవ్. అందరు సమోసాలు ఎప్పుడొస్తయా అని తలుపు దిక్కు చూస్తుండె. సార్ నిద్రపోయిండు. నేనొక్కన్నే విన్న."

నాకు గుర్తుంది. ఎవరూ వినలేదనే ఇన్నాళ్లూ అనుకున్నాను. విన్న ఒకే ఒక్కడు వీడు.

"విని గిదా నువ్వు చేసేది?"

"నువ్వు చదివి ఏం చేసినవ్ చెప్పు. నెలనెల జీతం తీసుకుంటున్నవ్. నేను గూడ గంతే." నవ్వాడు. పాన్ నమిలిన పళ్లు. "నీకొక చాప ఫ్రీగ ఇస్త, తీస్కపో."

నేను వాడితో వాదిస్తున్నంతసేపట్లో పెద్దమ్మ వరుసలో నిలబడి చాప కొనేసింది. ఇంటికి వచ్చాక సంచిలోంచి దిక్సూచి తీశాను. ల్యాబ్‌లో వాడేది, చిన్నది, సంచిలో ఎప్పుడూ ఉంటుంది. చాప మీద పెట్టి అటూ ఇటూ జరిపాను. ముల్లు ఉత్తరం చూపిస్తూ అట్లాగే నిలబడింది. చాప మూల కొంచెం కోసి చూస్తే నల్ల బిళ్లలు ఉన్నాయి. గుండుసూది పెడితే ఒక్కదానికీ అంటలేదు. చెంచాలను మోసిన చాప ఒకటి, జనానికి అమ్మిన చాపలు వేరు. మోసం చెయ్యడానికి కూడా నాలుగు అయస్కాంతాలు ఖర్చుపెట్టని పీనాసి.

"కొత్త చాపను కోస్తవేందే?" పెద్దమ్మ చాప లాక్కుంది.

"ఇండ్ల అయస్కాంతమే లేదు పెద్దమ్మా. నిన్ను బేవకూఫ్ చేసిండు."

"నాకు కండ్లు లేవా? పళ్లెం అంటుకున్నది చూడలే?" కోసిన మూలను మడిచి సూదీదారం తెచ్చుకుంది. "అయినా గాయన చెప్పినట్ల నువ్వెప్పుడన్న చెప్పినవా నాకు? ఏం సదువు చెప్తవో, ఎవ్వల గురించి చెప్తవో. ఇన్నేండ్ల సంది అడిగితె, నీకు సమజ్ కాదు తియ్ అంటవ్."

పని చేయని చాప, దాని మీద పడుకుంటే పోయేదేముంది అనుకుని బస్సెక్కాను. చాపతో పాటు ఇంకొక మాట కూడా అమ్మారని నాకు తెలియదు. చాప మీద పడుకున్నన్ని దినాలు ఇంగ్లీషు గోలీలు మింగితే శక్తి పని చేయదట. పెద్దమ్మ షుగరు గోలీలు డబ్బాలో పెట్టి మూత బిగించింది.

కొన్ని వారాలకు పెద్దమ్మ కోడలు ఫోన్ చేసింది. గొంతు మామూలుగా లేదు.

"వదినా, జర వస్తవా? అత్తమ్మ కాలు మంచిగ లేదు. వేలు నల్లగైంది. నాకు చూపియ్యకుంట గుడ్డ కట్టుకొని తిరిగింది."

మగ్గం తొక్కేటప్పుడు కాలి వేలు దగ్గర చిన్నగా గీసుకుందట. షుగరుకు మందు లేక అది చీము పట్టింది. దవాఖానకు తీసుకుపోయాం. డాక్టరమ్మ గుడ్డ విప్పి చూసి, ముందు పెద్దమ్మను, తర్వాత నన్ను చూసింది.

"గోలీలు ఎందుకు బంద్ చేసిన్రు?"

పెద్దమ్మ చాప సంగతి దాచకుండా చెప్పింది. అదొక ఘనకార్యం అయినట్టే చెప్పింది.

"మీరేం చేస్తరు?" డాక్టరమ్మ నన్ను అడిగింది.

"ఫిజిక్స్ లెక్చరర్."

ఆమె ఇంకేమీ అనలేదు, చీటీ రాసుకుంది. అనకపోవడమే చెంపదెబ్బ. చిటికెన వేలు తీసేశారు. ఇంకొన్నాళ్లు ఆలస్యమైతే పాదం పోయేదన్నారు.

మత్తు దిగి మెలకువ వచ్చాక పెద్దమ్మ మొదట అడిగింది, "తొక్కనీకె వస్తదా?" అని. మగ్గం తొక్కడానికి. ఎట్లాంటి ప్రాణాలతో ఆడుకుంటున్నాడు వాడు! వాడి కోటు, వాడి డాక్టరు, వాడి వెలుగు చక్రం. తిట్టడానికి నాకు తెలిసిన మాటలు చాలలేదు, పెద్దమ్మ ముందు తిట్టడానికీ లేదు.

వచ్చే ఆదివారం నాగర్‌కర్నూల్‌లో వాడి మీటింగ్ అని తెలిసింది. కాలేజీలో ప్రిన్సిపాల్‌కు చెప్పాను, ఇట్లాంటిది కలెక్టరాఫీసులో చెబుదాం, కాలేజీ తరఫున ఒక ఉత్తరం ఇవ్వండి అని. ఆయన కుర్చీలో వెనక్కి వాలాడు.

"మనకెందుకు మేడం గీ లొల్లి? ఆయన మొన్ననే కలిసిండు. మన కాలేజీకి ఫ్యాన్లు ఇస్తనన్నడు. మంచి మనిషి."

ఆయన కూడా ఫిజిక్స్‌లో పీజీ చేసినవాడే. తల మీద ఫ్యాను కిర్రుమంటూ తిరుగుతోంది. అది ఏ కమ్మరి కొడుకు పుణ్యాన తిరుగుతోందో ఆయనకు గుర్తు చేయాలనిపించలేదు. కొందరికి గుర్తు చేసినా గాలే తప్ప ఇంకేం అందదు.

నాగర్‌కర్నూల్‌కు ఒక్కదాన్నే పోయాను, దిక్సూచి, గుండుసూదుల పెట్టె తీసుకుని. అదే బ్యానర్, అదే రొట్టె, అదే బైండింగ్ దుకాణం. ముల్లు ఎగిరిన చోట జనం అట్లాగే ముందుకు వంగారు. వాడు చాప పైకెత్తగానే నేను లేచి నిలబడ్డాను.

"నేను వనపర్తిల ఫిజిక్స్ చెప్త. ఆ చాప గాదు, అమ్మే కుప్పలకెళ్లి ఒక చాప ఇయ్యున్రి. అందరి ముందట చూద్దాం."

వాడు కంగారుపడతాడనుకున్నాను. సంతోషపడ్డాడు!

"రాండ్రి మేడం, రాండ్రి! మా సైన్స్ మేడం వచ్చిన్రు, చప్పట్లు కొట్టున్రి."

కొట్టారు. కుప్పలోంచి చాప తీసి స్టేజీ మీద పరిచాను. సూదులు పోశాను. చాప ఎత్తితే సూదులన్నీ జలజల కింద రాలాయి. దిక్సూచి పెట్టి ముందు వరుసవాళ్లకు చూపించాను. గెలిచాననుకున్నాను.

వాడు మైకు దగ్గరికి తీసుకున్నాడు.

"మేడం కరెక్టు చూపించిన్రు. ఈ పళ్లెం లాగేది మోటు అయస్కాంతం. మీకిచ్చే చాపల ఉన్నది సూక్ష్మ అయస్కాంతం. మోటుది ఇనుమును లాగుతది. సూక్ష్మం రోగాన్ని లాగుతది!"

చప్పట్లు మోగాయి. నా చెవుల్లో ఇప్పటికీ మోగుతాయి.

నేను మైకు లాక్కున్నాను. ఫోటోలో ఉన్న ఆ పెద్దమనిషే రక్తాన్ని, మాంసాన్ని, రొట్టెను, పండ్లను ఒక్కొక్కటే బలమైన అయస్కాంతం దగ్గర వేలాడదీసి చూశాడని చెప్పాను. అవేవీ అయస్కాంతం వైపు రావని, జరిగితే గిరిగితే రవ్వంత దూరంగానే జరుగుతాయని కనిపెట్టింది ఆయనేనని చెప్పాను. మన ఒంట్లో రక్తాన్ని అయస్కాంతం లాగుతుందనే మాట ఆయన పేరు మీద చెప్పడం ఆయన ముఖాన ఉమ్మడమేనన్నాను.

"ఇన్నరా?" వాడు అందుకున్నాడు. "దూరం జరుగుతదంట! అంటే రోగం అయస్కాంతాన్ని చూసి పారిపోతది. మేడమే చెప్పిన్రు!"

మళ్లీ చప్పట్లు. ఏమనాలి వాళ్లను? చెప్పిన మాటను చెప్పినట్టు వినే ఓపిక లేదు, అబద్ధాన్ని మాత్రం నెత్తిన పెట్టుకుంటారు. ఆ దూరం జరగడాన్నే డయామాగ్నెటిజం అంటారని నేను వివరించడం మొదలుపెట్టాను. ఏం చేస్తాను, అలవాటు. వెనక నుంచి ఎవరో, "అమ్మా, జర జల్ది చెప్పు, బువ్వయాళ్లయితున్నది" అన్నారు. నా క్లాసే మళ్లీ ఎదురుగా కూర్చున్నట్టుంది.

అప్పుడు నాకు సైన్సు మీద కూడా అసహ్యమేసింది. ఆపేశాను.

"మా పెద్దమ్మ గద్వాలల చీరలు నేస్తది," అన్నాను. "గీయన మాట ఇని చాప కొన్నది. షుగరు గోలీలు బంద్ చేసింది. ఇప్పుడామెకు కాలి వేలు లేదు. దవాఖానల కోసేసిన్రు."

మూడో వరుసలో ఒక ముసలామె లేచింది. చేతిలో అప్పటికే కొన్న చాప ఉంది.

"గోలీలు బంద్ చెయ్యమని ఈయనే చెప్పిండా మీ పెద్దమ్మకు?"

"ఈయనే చెప్పిండు."

"నాకు గూడ గట్లనే చెప్పిన్రు ఇప్పుడు, గా చాపలమ్మే బల్ల కాడ." ఆమె స్టేజీ దగ్గరికి నడిచి వచ్చి చాప వాడి కాళ్ల ముందు పడేసింది. "నాకు షుగరున్నది. నా చాప తీస్కో, నా పైసలు నాకియ్యి."

ఆమె వెనక ఇంకొందరు లేచారు. అందరూ కాదు. సగానికి పైగా అక్కడే కూర్చున్నారు, కొన్నారు కూడా. సూదులు రాలితే కదలని జనం ఒక వేలు పోయిందంటే కదిలారు. ఆ కదిలినవాళ్లలో నా అయస్కాంత పాఠం అర్థమైనవాళ్లు ఒక్కరైనా ఉన్నారని నేననుకోను.

బస్టాండుకు పోతుంటే వాడు కారు ఆపి అద్దం దించాడు.

"పెద్దమ్మ సంగతి నాకు ముందుగాలనే చెప్తే ఏమైతుండె? దవాఖాన ఖర్చు నేనిస్తుంటి గదా," అన్నాడు. నిజంగానే బాధపడుతున్నట్టు ముఖం పెట్టాడు. నిజంగా బాధపడ్డాడేమో కూడా. అట్లాంటివాళ్ల బాధ కూడా వాళ్ల చాపల్లాంటిదే, దేన్నీ అంటుకోదు. నేను రోడ్డు దాటాను.

పోలీసులకు కాగితం ఇచ్చాను. తీసుకున్నారు, అంతే. వాడు అచ్చంపేట దాకా పోయి ఇంకో రెండు మీటింగులు పెట్టి, తర్వాత చాపలు మానేశాడు. మానేసి ఏం చేశాడనుకున్నారు? ప్రైవేటు కాలేజీల్లో పిల్లలకు స్ఫూర్తి ప్రసంగాలు ఇస్తున్నాడు. అదే రొట్టె, అదే ముల్లు. చివర చాప బదులు ర్యాంకు. సైన్స్ దినానికి మా ప్రిన్సిపాల్ కూడా వాడినే పిలిచాడు. ఫ్యాన్లు వచ్చాయి మరి.

"మీ క్లాస్‌మేటే అంట గదా మేడం. స్టేజీ మీద మీరే పరిచయం చేయాలె."

"ఆ దినం నేను సెలవు," అన్నాను.

సెలవు పెట్టి గద్వాల పోయాను. పెద్దమ్మ అరుగు మీద కాలు చాపుకుని కూర్చుంది. కోడలు లోపల మగ్గం మీద ఉంది. ఏం పండుగని సెలవు అని అడిగితే చెప్పాను.

"గట్లనా! మంచిగ చెప్తడు గదా గాయన," అంది పెద్దమ్మ. వేలు పోయినా వాడి మీద ఆమెకు కోపం రాలేదు. "సగమే ఇన్న నేను. చాపల కాడ ఆపేసిండు. ముల్లు ఎగిరినంక ఏమైంది ఆ కమ్మరోళ్ల పిల్లగానికి?"

నీకు సమజ్ కాదు అన్న మాట నాలుక చివరిదాకా వచ్చింది. మింగేసి, చెప్పాను. లెక్కలు రాకుండానే అయస్కాంతం చుట్టూ గాల్లో కంటికి కనిపించని గీతలను చూశాడని, లెక్కలొచ్చిన వాళ్లు చాలామంది వాటిని నమ్మలేదని చెప్పాను. యుద్ధానికి విషవాయువు చేసిపెట్టమంటే నా చేత కాదు పొమ్మన్నాడని చెప్పాను. ఆమె 'ఊఁ' కొడుతూ విన్నది. పింఛను సంగతికి వచ్చేసరికి చాపిన కాలు ముడుచుకుని నా వైపు తిరిగింది.

"పింఛను ఇస్తమని పెద్ద మంత్రి పిలిపించిండు పెద్దమ్మా. పోతే, మీలాంటోళ్లకు పింఛన్లు ఇచ్చుడు ఒట్టి నాటకం అన్నట్టు మాట్లాడిండు. ఈయన లేచి వచ్చిండు. నీ పింఛను నాకొద్దని రాసి పంపిండు."

"అయ్యో. పోయెనా పింఛను?"

"లేదు. మంత్రి తప్పయిందని కాయితం మీద రాసిచ్చిండు. అప్పుడు తీసుకున్నడు."

పెద్దమ్మ అరుగు మీద అరచేత్తో చరిచింది.

"తీసుకున్నడు గదా? మంచి పని జేసిండు. వద్దనేటోళ్లు మస్తు మంది ఉంటరు. తిట్టినోనితోని మాఫీ రాయించుకొని తీసుకున్నడు సూడు, గాడు మొనగాడు." లోపలికి తిరిగి కోడలిని కేకేసింది. "ఇన్నవా? నా నేత పింఛనుకు నెలల సంది తిప్పుతున్నడు గదా గా ఆఫీసులాయన. రేపు గీ అమ్మిని తోల్కపోదాం."

"రేపు కాలేజీ ఉన్నది పెద్దమ్మా," అన్నాను.

"కాలేజీల నీ మాట ఎవ్వలింటున్నరు గని," అంది పెద్దమ్మ, "పొద్దుగాల్నే పోదాం."